కినుయో తనాకా: అర్ధశతాబ్దపు నట జీవితం, ఆరు సినిమాల దర్శకత్వం – తరచుగా అడిగే ప్రశ్నలు

అసలు ఎవరీ కినుయో తనాకా?

జపాన్ సినిమా మూకీగా ఉన్నప్పుడు పద్నాలుగేళ్ల పిల్లగా స్టూడియోలో అడుగుపెట్టి, టీవీ ధారావాహికల కాలం దాకా నటించిన మనిషి. 1924 నుంచి 1970ల మధ్య వరకు 250కి పైగా సినిమాలు చేశారు. మిజొగుచి, ఓజు, నరుసె, గొషో, కినొషిత, షిమిజు... జపాన్ సినిమా చరిత్ర పుస్తకం ఏది తెరిచినా కనిపించే దర్శకులందరికీ ఆమె కావాల్సి వచ్చింది. మధ్యలో, 1953 నుంచి 1962 వరకు, తానే ఆరు సినిమాలకు దర్శకత్వం వహించారు.

మనవాళ్లలో చాలామందికి ఆమె ముఖం తెలుసు, పేరు తెలియదు. ఫిల్మ్ సొసైటీలో ‘ఉగెత్సు’ చూసి ఉంటే, యుద్ధకాలంలో బిడ్డను వీపున కట్టుకుని అడవి దారిలో నడిచే ఆ కుమ్మరి భార్య ఈవిడే.

పేరు ముందు కినుయోనా, తనాకానా?

ఇంటిపేరు తనాకా. జపాన్‌లో ఇంటిపేరే ముందు చెబుతారు కాబట్టి వాళ్లకు ఆవిడ తనాకా కినుయో. మనదీ అదే పద్ధతి గనక మనకు అందులో వింతేమీ లేదు. విదేశీ రాతల్లో తిరగబడి స్థిరపడింది కాబట్టి ఇక్కడ కినుయో తనాకా అనే రాస్తున్నాను.

సినిమాల్లోకి ఎలా వచ్చారు?

1909లో యమగుచి ప్రాంతంలోని షిమొనొసెకి రేవు పట్టణంలో పుట్టారు. తండ్రి చిన్నప్పుడే పోయారు. కుటుంబం ఒసాకాకు చేరింది. అక్కడ ఆమె బివా అనే తంత్రీవాద్యం నేర్చుకుని, ఆడపిల్లల వాద్య బృందంలో చేరి వేదికల మీద పాడారు. 1924లో షొచికు కంపెనీ వారి క్యోతో స్టూడియోలో చేరి, ఆ ఏడాదే ‘గెన్రొకు ఒన్నా’లో తొలిసారి తెర మీద కనిపించారు. మరుసటి ఏడాది తోక్యో దగ్గరి కమాతా స్టూడియోకు మారారు. అప్పట్లో జపాన్ సినిమాలో నేటి కాలపు కథలకు, నవ్వుతూ ఏడిపించే మధ్యతరగతి కథలకు పుట్టిల్లు కమాతాయే.

అప్పట్లో ఎంత పెద్ద తార?

సినిమా పేర్లలో ఆమె పేరు పెట్టేంత. 1930లో ‘కినుయో కథ’, 1937లో ‘డాక్టర్ కినుయో’, 1940లో ‘కినుయో తొలి ప్రేమ’ వచ్చాయి. కథ ఏదైనా ప్రేక్షకుడు టికెట్ కొనేది ఆ పేరుకే అని కంపెనీకి తెలుసు.

1931లో జపాన్ తొలి పూర్తి స్థాయి టాకీ ‘మదాము తో న్యోబో’ను గొషో తీస్తే, అందులో భార్య పాత్ర ఆమెదే. మాట వచ్చాక వెలవెలబోయిన మూకీ తారలు అన్ని దేశాల్లోనూ ఉన్నారు. ఈమెకు మాట కలిసొచ్చింది. 1933లో గొషోదే ‘ఇజు నాట్యకత్తె’, అదే ఏడాది ఓజు తీసిన నేరగాళ్ల కథ ‘హిజొసెన్ నో ఒన్నా’. ఒకదానిలో ఊరూరా తిరిగే అమాయకపు పిల్ల, రెండోదానిలో పగలు టైపిస్టు, రాత్రి దొంగ ప్రియురాలు. ఓజు అంటే టీ తాగుతూ పెళ్లిళ్ల గురించి మాట్లాడుకునే కుటుంబాలే అనుకునేవాళ్లు ఈ రెండో సినిమా చూసి కాస్త కంగారు పడతారు. ఆమె చేతిలో పిస్తోలు ఉంటుంది మరి.

డబ్బులపరంగా శిఖరం 1938 నాటి ‘అయిజెన్ కత్సురా’. బిడ్డ ఉన్న వితంతువు, నర్సు. ఆమెకూ డాక్టరుకూ ప్రేమ. కలుసుకోబోతారు, తప్పిపోతారు, మళ్లీ కలుసుకోబోతారు. కెన్ ఉయెహారా జోడీ. పాట దేశమంతా మోగింది. సినిమాగా నాకైతే ఓపిక చాలలేదు. అయితే అంత గొప్ప తార తర్వాత ఏమేం వదులుకుందో తెలియాలంటే, ఈ సినిమాలో ఆమెను ఎంత అందంగా చూపించారో ఒకసారి చూడాలి.

యుద్ధకాలంలో ప్రచార సినిమాల్లో నటించారా?

నటించారు. ఆ కాలంలో ఉద్యోగంలో ఉన్న నటులకు వేరే సినిమాలు పెద్దగా లేవు. కానీ వాటిలో ఒకటి విడిగా చెప్పుకోవాలి: 1944లో కినొషిత తీసిన ‘రికుగున్’, అంటే సైన్యం. పూర్తిగా సైన్యం కోరిక మీద తయారైన సినిమా. కొడుకును చక్రవర్తికి అప్పగించే తల్లి పాత్ర ఆమెది.

చివరి ఘట్టంలో కొడుకు పటాలంతో కలిసి యుద్ధానికి బయల్దేరతాడు. తల్లి మొదట ఇంట్లోనే ఉండిపోతుంది. దూరం నుంచి బూరల చప్పుడు వినిపించగానే వీధిలోకి పరుగు తీస్తుంది. జెండాలూపే జనం మధ్య కొడుకును వెతుక్కుంటూ, పడుతూ, లేస్తూ, వరుస పక్కనే పరుగెడుతుంది. మాటలు దాదాపు లేవు. నిమిషాల తరబడి ఆమె ముఖమే. చివరికి జనం తోపులాటలో వెనకబడిపోయి చేతులు జోడిస్తుంది. కాగితం మీద చదివితే అది తల్లి కొడుకును సాగనంపే దృశ్యం, అంతే. అభ్యంతరం చెప్పడానికి ఒక్క మాట లేదు. తెర మీద మాత్రం, ఏ తల్లీ కొడుకును సంతోషంగా యుద్ధానికి పంపదని ఊరంతా చూసింది. సైన్యానికి కోపం వచ్చింది, కినొషిత కంపెనీకి రాజీనామా ఇచ్చేదాకా పోయింది. ప్రచార చిత్రాన్ని ఒక నటి ముఖం లోపలి నుంచి తిరగేసిన ఘటన ఇంతకన్నా గట్టిది నేను చూడలేదు.

మిజొగుచితో ఎన్ని సినిమాలు చేశారు? ఏవి ముఖ్యం?

పదిహేను. 1940లో మొదలై 1954లో ముగిశాయి. యుద్ధం కాగానే వచ్చినవి ఆడవాళ్ల హక్కుల చుట్టూ తిరిగే కథలు. 1947లో రంగస్థల నటి సుమకో మత్సుయి జీవితం, 1948లో ఒసాకా వీధుల్లో ఒళ్లమ్ముకునే ఆడవాళ్ల కథ ‘యోరు నో ఒన్నతాచి’. 1947, 1948 రెండేళ్లూ వరసగా మైనిచి పత్రిక ఉత్తమ నటి బహుమతి ఆమెకే దక్కింది. అయితే లోకం గుర్తుంచుకున్నవి తర్వాతి మూడు.

1952లో ‘సైకకు ఇచిదాయ్ ఒన్నా’, మనం ఒహారు జీవితం అందాం. పదిహేడో శతాబ్దపు రచయిత సైకకు కథ ఆధారం. రాజాస్థానంలో పనిచేసే ఒహారు తక్కువ స్థాయి సమురాయి యోధుణ్ని ప్రేమిస్తుంది. అతన్ని చంపేస్తారు, ఆమెను తల్లిదండ్రులతో సహా వెళ్లగొడతారు. ఆ తర్వాత ప్రభువుకు వారసుణ్ని కనిచ్చే ఉంపుడుగత్తె, బిడ్డ పుట్టాక ఇంటికి తిరిగొచ్చిన భారం, వేశ్యావాడకు అమ్ముడుపోయిన సరుకు, పనిమనిషి, విసనకర్రలు చేసేవాడి భార్య, సన్యాసిని, చివరికి ముసుగు కప్పుకుని రోడ్డు పక్కన నిలబడే యాభై ఏళ్ల వేశ్య. అప్పటికి తనాకాకు నలభై దాటాయి. అదే సినిమాలో కన్నెపిల్లగానూ ముసలిదానిగానూ కనిపించాలి. వయసు మారేది మేకప్‌తో అనుకుంటాం. ఇక్కడ నడకతో మారుతుంది. ఆస్థానంలో అడుగు నేలను తాకీ తాకనట్టు ఉంటుంది, చివర్లో కాళ్లను ఈడ్చుకెళ్తున్నట్టు ఉంటుంది. మధ్యలో ప్రతి ఇంటినుంచి గెంటేసినప్పుడల్లా ఆ నడక కొంచెం బరువెక్కుతుంది. షూటింగ్ జరిగింది సరైన స్టూడియో కూడా కాని చోట. దగ్గర్లో రైళ్లు పోతుంటే, ఒక రైలు చప్పుడుకూ మరో రైలు చప్పుడుకూ మధ్య దొరికిన వ్యవధిలో, నిమిషాల పొడవున్న షాట్లు తీశారు. సినిమా వెనిస్ చిత్రోత్సవంలో బహుమతి తెచ్చింది.

1953లో ‘ఉగెత్సు మొనొగతారి’. భర్త డబ్బాశతో పట్నానికి పోయి ఒక దెయ్యపు దొరసాని మోజులో పడతాడు. ఆ దొరసాని మచికో క్యో. తనాకా ఇంటి దగ్గర మిగిలిన మియాగి. భర్త తిరిగొచ్చే రాత్రి దృశ్యం ఒక్కటి చాలు. అతను తలుపు తోసుకుని లోపలికి వస్తాడు. ఇల్లు ఖాళీ, పొయ్యి చల్లగా ఉంది. పేరు పిలుస్తూ వెనక తలుపు గుండా బయటికి వెళ్లి ఇంటి చుట్టూ తిరుగుతాడు. కెమెరా ఇంట్లోనే ఉండి అతనితో పాటు మెల్లగా తిరుగుతుంది. కత్తిరింపు లేదు. అతను మళ్లీ గుమ్మం దగ్గరికి వచ్చేసరికి పొయ్యి వెలుగుతోంది, పక్కనే ఆమె కూర్చుని వంట చేస్తోంది. ఆమె ఎక్కువ ఏమీ చేయదు. భర్తకు కావలసింది అందిస్తుంది, అతను పడుకున్నాక కూర్చుని బట్టలు కుడుతుంది. కెమెరా పనితనం కజువో మియగావాది, అందులో అనుమానం లేదు. కానీ తెల్లారాక అసలు సంగతి తెలిసినప్పుడు మనకు గుర్తొచ్చేది ఆమె కూర్చున్న తీరు.

1954లో ‘సాన్షో దాయు’. బానిసలుగా అమ్ముడుపోయిన పిల్లల తల్లి. తెర మీద ఉండేది కాసేపే. సాదో దీవిలో నిలబడి పిల్లల పేర్లు పిలిచే ఆ గొంతు మాత్రం సినిమా అంతటా ఉంటుంది.

మిజొగుచికి ఆమె మీద ప్రేమ ఉండేదంటారు, నిజమా?

ఉండేదని ఆయనతో పనిచేసినవాళ్లే చెప్పారు. వాళ్లు పెళ్లి చేసుకోలేదు. ఆమె జీవితంలో తెలిసిన సహజీవనం ఒక్కటే, 1920ల చివర్లో దర్శకుడు హిరొషి షిమిజుతో. రెండేళ్లలో విడిపోయారు. విడిపోయాక కూడా కలిసి పనిచేశారు. 1941 నాటి ‘కంజాషి’ ఇద్దరి ఉత్తమ చిత్రాల్లో ఒకటి. ఈ సంగతి మీద ఇంతకన్నా సమయం పెట్టడం దండగ.

1950లో ఆమె మీద పత్రికలు ఎందుకు విరుచుకుపడ్డాయి?

1949 అక్టోబరులో ఆమె సుహృద్భావ యాత్ర మీద అమెరికా వెళ్లారు. అప్పటికి జపాన్ ఇంకా అమెరికా ఆక్రమణలోనే ఉంది. వెళ్లేటప్పుడు జపాన్ సంప్రదాయ దుస్తులైన కిమోనో. 1950 జనవరిలో తిరిగొచ్చేటప్పుడు పాశ్చాత్య దుస్తులు, నల్లద్దాలు. ఊరేగింపులో జనానికి గాలిలో ముద్దులు విసిరారు. ఓడిపోయి ఆకలితో ఉన్న దేశానికి అది ఒళ్లు మండించింది. అమెరికా పిచ్చి పట్టిందన్నారు, వయసైపోయిందన్నారు. యుద్ధానికి ముందు తమ ఇంటి అమ్మాయిలా చూసుకున్నవాళ్లే అన్నారు.

అదే సమయంలో పాతికేళ్లు పనిచేసిన షొచికును వదిలి సొంతంగా పనిచేయడం మొదలుపెట్టారు. మొదటి రెండేళ్లు ఏదీ సరిగ్గా నడవలేదు. తర్వాత 1952 వచ్చింది. ఒహారు వచ్చిన ఏడాదే నరుసె ‘ఒకాసన్’ కూడా వచ్చింది. తోక్యోలో చిన్న లాండ్రీ నడిపే కుటుంబం. పెద్ద కొడుకు పోతాడు, భర్త పోతాడు, అమ్మ ఇస్త్రీ పెట్టె పట్టుకోవడం నేర్చుకుంటుంది. ఏడిపించడానికి ప్రయత్నించని అమ్మ పాత్ర. నన్నడిగితే ఆమె నటనకు తలమానికం ఇదే. మిజొగుచి అభిమానులు ఒప్పుకోరు, తెలుసు.

ఇక్కడినుంచి ఆమె పంథా స్పష్టంగా కనిపిస్తుంది. అందాన్ని కాపాడుకోవడానికి ప్రయత్నించే దశ అయిపోయింది. వయసును దాచకుండా ముందుకు తోసి, తనకన్నా ముసలివాళ్ల పాత్రలు అడిగి మరీ తీసుకోవడం మొదలైంది. దర్శకత్వం ఆలోచన కూడా ఈ రోజుల్లోనిదే. ఆ రెంటినీ నేను విడదీసి చూడలేను. ఎవరో వచ్చి తనను బాగా చూపించాలని ఎదురుచూడటం ఆమె మానేశారు.

జపాన్‌లో తొలి మహిళా దర్శకురాలు ఈవిడేనా?

కాదు. తజుకో సకానె 1936లోనే ‘హత్సు సుగతా’ తీశారు. ఆమె మిజొగుచి దగ్గర సహాయకురాలిగా పనిచేసిన మనిషి. తనాకా రెండోవారు. అయితే వరసగా పెద్ద కంపెనీలకు కథా చిత్రాలు తీసి, దర్శకురాలిగా నిలబడింది మాత్రం ఈమే.

ఆమె తొలి సినిమా ‘కొయిబుమి’ వచ్చిన 1953లోనే ఇక్కడ మన భానుమతిగారు ‘చండీరాణి’కి దర్శకత్వం వహించి తెలుగు, తమిళ, హిందీ మూడు భాషల్లో విడుదల చేశారు. ఇద్దరికీ ఒకరి సంగతి ఒకరికి తెలిసే అవకాశం లేదు. కానీ పెద్ద తార స్థాయి చేతిలో ఉంటేగానీ ఆడవాళ్లకు ఆ కుర్చీ దొరకని కాలం రెండు చోట్లా ఒకటే. సావిత్రిగారికి ఆ అవకాశం 1968లో ‘చిన్నారి పాపలు’తో వచ్చింది.

ఆమె తీసిన ఆరు సినిమాలు ఏవి?

‘కొయిబుమి’, ప్రేమలేఖ (1953). దీనికి ముందు నరుసె దగ్గర ‘అని ఇమోతో’ సినిమాకు సహాయకురాలిగా చేరి పని నేర్చుకున్నారు. ఇరవై తొమ్మిదేళ్ల అనుభవం ఉన్న తార వెళ్లి శిష్యరికం చేయడం! తోక్యోలోని షిబుయా సందులో, అమెరికా సైనికులు వదిలేసిపోయిన ఆడవాళ్ల తరఫున ఇంగ్లీషులో ఉత్తరాలు రాసిపెట్టే మాజీ సైనికుడి కథ. అతను వాళ్లను చిన్నచూపు చూస్తాడు. తన పాత ప్రేయసి కూడా అక్కడికే ఉత్తరం రాయించుకోడానికి వస్తుంది. స్క్రిప్టు కినొషితది. 1954లో ఫ్రాన్సులోని కాన్ చిత్రోత్సవం పోటీలో ప్రదర్శించారు. ఆక్రమణ ముగిసి ఏడాదిన్నరే అయింది. ఆ ఆడవాళ్లను నిందించే ముందు మీ చేతులు చూసుకోండని మగవాళ్లకు చెప్పడానికి ధైర్యం కావాలి. నాలుగేళ్ల ముందు అమెరికా మోజు అని తిట్లు తిన్న మనిషి తొలి కథగా దీన్నే ఎంచుకోవడం యాదృచ్ఛికం అనుకోను.

‘త్సుకి వా నొబోరిను’ (1955). నారా పట్టణంలో ముగ్గురు అక్కచెల్లెళ్ల ప్రేమలు. స్క్రిప్టులో ఓజు చేయి ఉంది. తేలిక సినిమా, హాయిగా ఉంటుంది. తనాకా పనిమనిషిగా కనిపించి నవ్విస్తారు.

‘చిబుసా యో ఎయెన్ నారె’ (1955). ఆరింటిలో ఇది వేరే. రొమ్ము క్యాన్సర్‌తో 1954లో ముప్ఫై ఒకటో ఏట పోయిన హొక్కయిదో కవయిత్రి ఫుమికో నకాజో జీవితం. ఆమె పోయిన మరుసటి ఏడాదే తీశారు. స్క్రిప్టు సుమియె తనాకా రాశారు, ఇంటిపేరు ఒకటే గానీ బంధువు కాదు. రోగిని పుణ్యాత్మురాలిగా చూపించే అలవాటు సినిమాలకు ఉంది. ఇందులో ఆ జోలికి పోలేదు. శస్త్రచికిత్స తర్వాత కూడా ఫుమికోకు కోపం ఉంటుంది, పేరు రావాలన్న ఆశ ఉంటుంది, మగవాడి స్పర్శ కావాలన్న కోరిక ఉంటుంది. స్నేహితురాలి ఇంట్లో స్నానం చేస్తూ, కోసేసిన ఛాతీని ఆమెకు తానే చూపించే దృశ్యాన్ని 1955లో ఒక స్టూడియో సినిమాలో ఊహించడం కష్టం. అది జాలి కోరడం కాదు, దాదాపు కసి.

తర్వాతివి త్వరగా చెప్పుకుందాం. ‘రుతెన్ నో ఓహి’ (1960), మంచూరియా కీలుబొమ్మ చక్రవర్తి పు యీ తమ్ముణ్ని పెళ్లాడిన జపాన్ యువతి కథ, మచికో క్యో నాయిక, రంగుల్లో, వెడల్పు తెర మీద. ‘ఒన్నా బకారి నో యోరు’ (1961), వ్యభిచార నిరోధక చట్టం వచ్చాక సంస్కరణ గృహంలో పెట్టిన ఆడవాళ్లు మళ్లీ బయట బతకడానికి పడే పాట్లు. చట్టం మారినంత తేలిగ్గా ఊరు మారదని చూపిన ఈ సినిమాకు దక్కాల్సిన గుర్తింపు ఇంకా దక్కలేదు. చివరిది ‘ఒగిన్-సామా’ (1962), టీ గురువు సెన్ నో రిక్యు కూతురు, క్రైస్తవ సమురాయి ప్రేమకథ. చూడ్డానికి చాలా బాగుంటుంది. నాకు కొంచెం బిగుసుకుపోయినట్టు అనిపించింది.

మిజొగుచి ఆమె దర్శకత్వాన్ని అడ్డుకున్నారా?

రెండో సినిమా సమయంలో గొడవ జరిగింది. చిత్ర నిర్మాణం మళ్లీ మొదలుపెట్టిన నిక్కత్సు కంపెనీకి తమ నటుల్ని ఇవ్వకూడదని మిగతా పెద్ద కంపెనీలు కట్టుబాటు చేసుకున్నాయి. దాంతో దర్శకుల సంఘం మధ్యలోకి వచ్చింది. ఆ సంఘానికి పెద్దగా ఉన్న మిజొగుచి, ఆమెకు దర్శకత్వం చేసే తెలివి లేదన్నట్టు మాట్లాడారని చెబుతారు. ఓజు మాత్రం తన స్క్రిప్టుతో సహా ఆమె పక్షాన నిలబడ్డారు. సినిమా పూర్తయింది. 1954 తర్వాత మిజొగుచి, తనాకా మళ్లీ కలిసి పనిచేయలేదు. ఆయన 1956లో పోయారు. ఆడవాళ్ల బాధను తెర మీద అంత లోతుగా చూసిన మనిషి, కళ్లెదుటి ఆడమనిషిని కుర్చీ ఎక్కనివ్వడానికి ఇష్టపడకపోవడం! దీనికి సంజాయిషీ వెతికేవాళ్లు చాలామంది ఉన్నారు. నేను వెతకను.

‘నరయామా’ కోసం పళ్లు పీకించుకున్నారన్నది నిజమేనా?

ముందరి పళ్లు తీయించుకున్నారనే అందరూ చెబుతారు. 1958లో కినొషిత తీసిన ‘నరయామా బుషికో’లో, డెబ్భై నిండిన ముసలివాళ్లను కొండ మీద వదిలేసే ఊరి కథలో, ఆమె ఒరిన్ అనే అవ్వ. ఆ వయసులో గట్టి పళ్లుండటం సిగ్గుచేటని రాతికేసి కొట్టుకుని తానే రాలగొట్టుకుంటుంది. అప్పటికి తనాకాకు యాభై కూడా నిండలేదు. ఈ పళ్ల కథే ఎక్కువ ప్రచారమైంది గానీ, నాకు ఆశ్చర్యం వేరే చోట ఉంది. ఓజు తొలి రంగుల చిత్రం ‘హిగన్‌బానా’ కూడా 1958లోదే. అందులో ఆమె తోక్యో ఆఫీసరు భార్య, చక్కటి కిమోనోలో, మొండి భర్తను ఒక్క చూపుతో సరిచేసే ఇల్లాలు. ఈ రెండూ ఒకే ఏడాది చేసిన మనిషని తెలియనివాళ్లకు చెబితే నమ్మరు.

చివరి రోజుల్లో ఏం చేశారు?

దర్శకత్వం 1962తో ఆగింది. నటన తగ్గుతూ కొనసాగింది. 1965లో కురొసావా ‘అకహిగె’లో కాసేపు కనిపిస్తారు. టీవీలో అమ్మ పాత్రలతో కొత్త తరానికి దగ్గరయ్యారు.

1974లో కెయి కుమాయి ‘సందకాన్ హచిబాన్ షొకన్: బొక్యో’ వచ్చింది. పేదరికంలో బోర్నియో వేశ్యాగృహానికి అమ్ముడుపోయి, ముసలితనంలో సొంతవాళ్లే దగ్గరికి రానివ్వని ఒసాకి పాత్ర. ఆమె గుడిసెకు ఒక పరిశోధకురాలు వచ్చి, ఎందుకొచ్చిందో చెప్పకుండా కొన్నాళ్లు ఉంటుంది. వెళ్లేరోజు డబ్బు ఇవ్వబోతే అవ్వ తీసుకోదు. నువ్వు వాడుకున్న తువ్వాలు ఇచ్చిపో, ముఖం తుడుచుకున్నప్పుడల్లా గుర్తొస్తావంటుంది. ఆ తువ్వాలు అందుకుని ఏడ్చే ఏడుపు చూడండి. ఒహారు దగ్గర్నుంచి ఆమె ఎందరు అమ్ముడుపోయిన ఆడవాళ్లుగా నటించారో వాళ్లందరూ ఆ గొంతులో ఉన్నారు. 1975లో బెర్లిన్ ఉత్సవంలో ఉత్తమ నటిగా ‘వెండి ఎలుగుబంటి’ బహుమతి ఇచ్చారు.

1977 మార్చి 21న మెదడులో కణితితో కన్నుమూశారు. చివరి రోజుల్లో దగ్గరుండి చూసుకున్నది బంధువైన దర్శకుడు మసాకి కొబయాషి.

ఆమె పేరు మీద ఏమైనా ఉన్నాయా?

మైనిచి చలనచిత్ర బహుమతుల్లో 1985 నుంచి ఆమె పేరుతో నటీమణులకు ఒక పురస్కారం ఉంది. షిమొనొసెకిలో స్మారక భవనం ఉంది. 1987లో కొన్ ఇచికావా ఆమె జీవితం మీద ‘ఎయిగా జొయూ’ తీస్తే సయురి యొషినగా ఆమెగా నటించారు. దర్శకురాలిగా మాత్రం లోకం చాలా ఆలస్యంగా మేలుకుంది. 2021లో కాన్ పాత చిత్రాల విభాగంలో, ఆ వెంటనే లియోన్ లుమియేర్ ఉత్సవంలో బాగుచేసిన ప్రతులు వేశాకే ఆ ఆరు సినిమాల గురించి గట్టిగా మాట్లాడటం మొదలైంది.

ఏ సినిమాతో మొదలుపెట్టాలి?

‘ఒకాసన్’తో. గంటన్నర, బరువు తక్కువ, జపాన్ సినిమా అలవాటు లేకపోయినా ఇబ్బంది ఉండదు. ఇంట్లో అమ్మతో కలిసి చూడొచ్చు. తర్వాత ‘ఉగెత్సు’. ఆపైన ‘చిబుసా యో ఎయెన్ నారె’, నటిని చూశాక దర్శకురాలిని చూసినట్టుంటుంది. ఒహారును ఖాళీ ఉన్న రోజుకు పెట్టుకోండి, రెండుంబావు గంటలు, మధ్యలో ఫోను ముట్టుకుంటే పట్టు పోతుంది. ‘సందకాన్’ చివర్లో. ‘నగరెరు’ (1956) దొరికితే వదలకండి. నరుసె తీసిన గేషాల (ఆటపాటలతో అతిథులను అలరించడం వృత్తిగా ఉన్న ఆడవాళ్ల) ఇంటి కథలో ఇసుజు యమదా, హిదెకో తకమినె, హరుకో సుగిమురా వంటి మహామహుల మధ్య తనాకా పనిమనిషిగా, అందరికన్నా తక్కువ మాటలతో ఉంటారు. యజమానురాలు ఆమె అసలు పేరు పలకడం కష్టమని వేరే పేరు పెట్టి పిలుస్తుంది. ఆ పెట్టిన పేరు ఒహారు.